సిఫారసు కోరని ఉత్తరం: కొండ వెంకటప్పయ్య లేఖ (1948) – పరిశీలన

తెలుగులో లేఖాసాహిత్యం మీద జరిగిన చర్చ చాలావరకు సాహిత్యకారుల ఉత్తరాల చుట్టూనే తిరిగింది. గురజాడ లేఖలు భాషావాదానికి ఆకరాలయ్యాయి. సంజీవదేవ్ లేఖలను సౌందర్యదృష్టి కోసం చదివారు. గోపీచంద్ ‘పోస్టు చేయని ఉత్తరాలు’ లేఖారూపాన్ని ఆలోచనకు వాహికగా వాడుకొన్న రచనగా గుర్తింపు పొందింది. రాజకీయ నాయకుల ఉత్తరాల విషయంలో మాత్రం విమర్శ పక్కకు తప్పుకొని, వాటిని చరిత్రకారులకు వదిలేసింది. చరిత్రకారుడు ఉత్తరంలో సమాచారం కోసం వెదుకుతాడు. ఆ సమాచారం ఏ వరుసలో వచ్చింది, రాసిన మనిషి తనను తాను ఎక్కడ నిలబెట్టుకొన్నాడు, ఏది చెప్పకుండా వదిలేశాడు అనే ప్రశ్నలు ఆయన పని కాదు. అవి సాహిత్య విమర్శ అడగవలసిన ప్రశ్నలు. దేశభక్త కొండ వెంకటప్పయ్య తన చివరి రోజుల్లో గాంధీకి రాసిన ఉత్తరాన్ని ఈ ప్రశ్నలతో చదవడం ఈ వ్యాసం ఉద్దేశం. స్వరాజ్యం వచ్చి అయిదు నెలలైనా కాకముందే, శాసనసభ్యుల పలుకుబడి ప్రభుత్వ యంత్రాంగాన్ని ఎలా వంచుతున్నదో సొంత పార్టీ పెద్ద ఒకరు రాతపూర్వకంగా చెప్పిన తొలి తెలుగు సాక్ష్యాల్లో ఇది ఒకటి. ఉత్తరం ఇంగ్లీషులో ఉంది. అయినా దీన్ని తెలుగు సాక్ష్యం అనడానికి కారణాలున్నాయి. అవి వ్యాసక్రమంలో తెలుస్తాయి.

ఉత్తరం బయటకు వచ్చిన తీరు

1948 జనవరి 12 సోమవారం, గాంధీ మౌనవారం. ఢిల్లీలో ఆ సాయంకాలం ప్రార్థనసభలో ఆయన రాసి ఇచ్చిన ప్రసంగాన్ని చదివి వినిపించారు. హిందూ ముస్లిం సామరస్యం కోసం మరునాటి నుంచి నిరాహారదీక్ష పూనుతున్నట్లు ప్రకటించిన ప్రసంగం అదే. దీక్ష ప్రకటన, దానికి కారణాలు, మిత్రులకు విజ్ఞప్తి పూర్తయిన తరువాత, దాదాపు అనుబంధంలాగా, ఆంధ్ర నుంచి వచ్చిన ఉత్తరాల ప్రస్తావన వస్తుంది. వాటిలో ఒకటి కొండ వెంకటప్పయ్యది. దానిలోని భాగాలను గాంధీ యథాతథంగా ఎత్తి చూపి, ఈ వృద్ధసేవకుడి మాటలను ఆంధ్ర ప్రజలు బాగా తూచి చూసుకోవాలని కోరారు. ఆయన చెప్పిన అవినీతి ఆంధ్రకే పరిమితం కాదని, ఆయన తాను కళ్లారా చూసిన ప్రాంతం గురించి మాత్రమే చెప్పగలిగారని కూడా చేర్చారు.

ఈ సందర్భమే ఉత్తరానికి వెలుగు తెచ్చింది, ఈ సందర్భమే దాన్ని మరుగునా పడేసింది. దీక్ష జనవరి 18న ముగిసింది. 30న గాంధీ హత్య జరిగింది. ఆ పద్దెనిమిది రోజుల మీద దేశం దృష్టి నిలిచిపోవడంతో, దీక్షను ప్రకటించిన ప్రసంగం తోకలో ఉన్న గుంటూరు ఉత్తరం ఎవరికీ గుర్తుండే అవకాశం లేకపోయింది. తరువాతి కాలంలో దీన్ని ఉదహరించినవారు కూడా స్వాతంత్ర్యం రాగానే కాంగ్రెసు చెడిపోయిందనడానికి ఒక ముక్కగా వాడుకొన్నారే కాని, రచనగా చూడలేదు.

పాఠం విషయంలో ఒక హెచ్చరిక అవసరం. మనకు అందుబాటులో ఉన్నది గాంధీ ఎంచిన భాగాలు. పరిశీలనకు దొరికే నిర్మాణంలో కొంత గాంధీ కత్తెర కూడా ఉంటుంది. అయితే ఎంచిన భాగాలు పొడుగైనవి, వాటిలో వాదక్రమం చెదరలేదు. అందువల్ల క్రమం గురించి, స్వరం గురించి చెప్పే మాటలకు ఆధారం ఉంది.

రాసిన మనిషి

కొండ వెంకటప్పయ్య 1866 ఫిబ్రవరి 22న గుంటూరులో జన్మించారు. న్యాయవాది. 1902లో దాసు నారాయణరావుతో కలిసి బందరులో కృష్ణాపత్రికను స్థాపించినవారు. తరువాత ముట్నూరి కృష్ణారావు సంపాదకత్వంలో ఆ పత్రిక తెలుగు గద్యానికి ఏం చేసిందో వేరే చెప్పనక్కరలేదు. 1913లో బాపట్లలో మొదలైన ఆంధ్ర మహాసభ ఉద్యమానికి మూలస్తంభాల్లో ఒకరు. 1917 నెల్లూరు మహాసభకు అధ్యక్షులు. సహాయనిరాకరణ కాలంలో వకీలువృత్తి మానుకొన్నారు. 1922 పెదనందిపాడు పన్నుల నిరాకరణోద్యమ సమయంలో గాంధీకి, ఆయనకు మధ్య నడిచిన ఉత్తరప్రత్యుత్తరాలు ప్రసిద్ధం. అంటే 1948 నాటి లేఖ ఆ ఇద్దరి మధ్య తొలి ఉత్తరం కాదు. పాతిక సంవత్సరాలకు పైబడిన పరిచయంలో ఒక పుట.

ఈ జీవితరేఖను ఇక్కడ చెప్పడానికి ఒక ప్రయోజనం ఉంది: ఇందులో ఒక్క సంగతి కూడా ఉత్తరంలో లేదు.

తిరగబడిన రూపం

సిఫారసు లేఖకు తెలుగు సమాజంలో ఒక స్థిరమైన రూపం ఉంది. దాన్ని సాహిత్యప్రక్రియగా ఎవరూ లెక్కించరు కాని, రూపనియమాలు మాత్రం ఏ శతకానికీ తీసిపోవు. మొదట రాసేవారి హోదా, లేదా అందుకొనేవారితో పాత పరిచయం. తరువాత కావలసిన మనిషి పేరు, ఊరు, అతడు రాసేవారికి ఏమవుతాడో చెప్పే మాట. ఆ తరువాత పని. చివర, ఈ పని న్యాయమైనదేనన్న భరోసా. ఈ నాలుగు మెట్లలో అసలు బరువు రెండోదాని మీద ఉంటుంది. ‘మనవాడు’ అన్న మాట పడితే మిగిలినవి లాంఛనాలే.

వెంకటప్పయ్య ఉత్తరం ఈ నాలుగు మెట్లనూ తలకిందులు చేస్తుంది. ఆరంభంలో తన గురించి ఏమీ లేదు. దేశంలో చిక్కైన రాజకీయ ఆర్థిక సమస్యలు ఎన్నో ఉన్నాయని ఒప్పుకొని, వాటన్నిటినీ పక్కన పెట్టి, కాంగ్రెసు వర్గాలవారి నైతికపతనమే పెద్ద సమస్య అంటూ మొదలవుతుంది. వెంటనే ఒక హద్దు గీసుకొంటారు: ఇతర రాష్ట్రాల సంగతి ఎక్కువగా చెప్పలేను, నా రాష్ట్రంలో మాత్రం పరిస్థితి శోచనీయంగా ఉంది అని. దశాబ్దాల ప్రజాజీవితం ఉన్న నాయకుడు దేశం మొత్తానికి తీర్పు చెప్పకుండా తన జిల్లాకు, తన ఊరికి పరిమితం కావడం గమనించదగినది. ఇది వకీలు అలవాటు. సాక్షి తాను చూసినదే చెప్పాలి, విన్నది చెబితే కోర్టు తీసుకోదు.

తరువాత ఆరోపణ. అధికారపు రుచి తలకెక్కిందని, శాసనసభ, శాసనమండలి సభ్యుల్లో చాలామంది దొరికిన అవకాశాన్ని సొమ్ముచేసుకొంటున్నారని, మెజిస్ట్రేటు కోర్టుల్లో క్రిమినల్ న్యాయం జరగకుండా అడ్డుపడేంతవరకు పలుకుబడిని వాడుతున్నారని రాశారు. జిల్లా కలెక్టర్లు, రెవెన్యూ ఉద్యోగులు సైతం తమ విధులను స్వేచ్ఛగా నిర్వహించలేకపోతున్నారు, తమ వర్గంవారి తరఫున సభ్యులు మాటిమాటికీ జోక్యం చేసుకొంటున్నారు. నిక్కచ్చిగా ఉండే ఉద్యోగి తన స్థానంలో నిలబడలేడు. అతని మీద అబద్ధపు నివేదికలు మంత్రులకు చేరతాయి, మంత్రులు చెవి ఒగ్గుతారు.

ఈ వరుసలో ఒక ఆరోహణ ఉంది. డబ్బు సంపాదనతో మొదలై కోర్టుకు, కోర్టు నుంచి కలెక్టరు కచేరీకి, అక్కడి నుంచి నిజాయితీగల ఒక్క ఉద్యోగి బదిలీ దాకా, చివరికి మంత్రి చెవి దాకా వస్తుంది. పలుకుబడి ఏ దారిన నడుస్తుందో ఆ దారినే వాక్యాలూ నడుస్తాయి. అవినీతి గురించిన సాధారణ ఉపన్యాసగద్యం లంచం దగ్గరే ఆగిపోతుంది. వెంకటప్పయ్య దృష్టి లంచం కంటే జోక్యం మీద ఎక్కువగా నిలిచింది. డబ్బు చేతులు మారకపోయినా, ఒక కేసులో ఒక మాట చెప్పడం వల్లనే న్యాయం చెడుతుందన్నది ఆయన పట్టుకొన్న సూక్ష్మం. నిక్కచ్చిగా ఉండే ఒక ఉద్యోగి ఈ ఉత్తరానికి కేంద్రపాత్ర. ఆయనకు పేరు లేదు, మాట లేదు. బదిలీ అయినవాడుగా మాత్రమే పాఠకుడి మనసులో మిగులుతాడు.

స్వపరిచయం ఎప్పుడు వస్తుంది? ఉత్తరం ముగియబోయేముందు. అక్కడ కూడా జైలు సంవత్సరాలు లేవు, పత్రికాస్థాపన లేదు, వదులుకొన్న వృత్తి లేదు. ఉన్నదల్లా ముసలితనం, విరిగిన కాలు, ఇంటి నాలుగుగోడల మధ్య ఊతకర్రల సాయంతో మెల్లగా కుంటుతూ తిరిగే శరీరం. తనకు ఏ స్వార్థప్రయోజనమూ లేదని చెప్పడానికి ఆయన చూపిన రుజువు ఆ శరీరమే. ఇక్కడి ఔచిత్యం మామూలుది కాదు. స్వరాజ్యం వచ్చిన కొత్తలో చెరసాలకు వెళ్లిన సంవత్సరాలే పలుకుబడికి మూలధనం. జైలుకు వెళ్లొచ్చాననడం ఒక హక్కుపత్రం. ఆ మూలధనాన్ని ఖర్చుచేసుకొంటున్నవారి మీద ఫిర్యాదు చేస్తూ, తన దగ్గరున్న అదే మూలధనాన్ని బయటకు తీయకపోవడం ఆయన నిరాకరణ. నిరాకరించాననైనా చెప్పలేదు.

ఇక పేర్లు. సిఫారసులో పేరు ఒక్కటే ప్రధానం. ఈ ఉత్తరంలో ఒక్క పేరూ లేదు. మేలు చేయమని ఎవరి పేరూ లేదు, కీడు చేశారని ఎవరి పేరూ లేదు. దీన్ని సంస్కారంగా మెచ్చుకోవడం సులభం. కాని విమర్శకు అంత తేలికగా తప్పుకొనే వీలు లేదు. పేరు లేని ఆరోపణ మీద విచారణ సాధ్యం కాదు. ఆరోపణకు గురైన సభ్యులందరూ మరునాడు ఈ ఉత్తరాన్ని చదివి, ఇది పక్కవాడి గురించి అనుకోగలిగిన వెసులుబాటు ఇందులో ఉంది. ఉత్తరం రాసినది గాంధీ ఒక్కరికి కాబట్టి పేర్లు విడిగా చెప్పి ఉండవచ్చునన్న ఊహకు చోటున్నా, బహిరంగమైన పాఠంలో మాత్రం అది లోపమే.

ఆ లోపాన్ని కొంత పూరించేది గుంటూరు పురపాలకసంఘం ఉదంతం. ఎన్నికలకు ఏర్పాట్లన్నీ పూర్తయ్యాక, మద్రాసులోని స్థానికసంస్థల మంత్రి నుంచి వచ్చిన అత్యవసర సందేశంతో ఎన్నికలు హఠాత్తుగా ఆగిపోయాయని ఆయన రాశారు. పదేళ్లకు పైగా నామినేటెడ్ సంఘమే అధికారంలో ఉన్నదని, దాదాపు ఏడాదిగా కమిషనరు పాలన నడుస్తున్నదని, మళ్లీ ప్రభుత్వమే సభ్యులను నామినేట్ చేస్తుందన్న మాట వినిపిస్తున్నదని చెప్పారు. ఉత్తరమంతటిలో స్థలం, కార్యాలయం, క్రమం ఉన్న ఒకే ఘటన ఇది. ఊరు పేరు చెప్పనవసరం కూడా ఆయనకు కనిపించలేదు. ఈ ఊరు అంటే చాలు. నామినేషన్ అనేది సిఫారసుకు చట్టబద్ధమైన రూపం. ఓటుతో రావలసిన కుర్చీ మాటతో వస్తుంది. 1920ల్లో ద్విపాలన కింద పానగల్లు రాజా నాయకత్వాన జస్టిస్ పార్టీ మంత్రివర్గం నడిచినప్పుడు స్థానికసంస్థల నామినేషన్లు ఆ పార్టీకి బలగాన్ని సమకూర్చిన సాధనాలని చరిత్రకారులు చూపారు. దాన్ని ఆనాడు ఖండించిన కాంగ్రెసు ఇప్పుడు అదే సాధనాన్ని చేతికి తీసుకొంటున్నదన్న మాటను వెంకటప్పయ్య అనలేదు. ఉదంతాన్ని ఉన్నదున్నట్లు పెట్టి ఊరుకొన్నారు. ఆ నాటి గుంటూరు పాఠకుడికి మిగిలినది చెప్పనవసరం లేదు.

నిష్పాక్షికత అన్న మాట

స్వపరిచయం వెంటనే వచ్చే వాక్యాలు ఈ ఉత్తరంలో అన్నిటికంటే విలువైనవి. జిల్లా కాంగ్రెసు రెండు వర్గాలుగా చీలిపోయిందని, ఆ రెండింటిలో ప్రముఖులైన కొందరి మీద తనకు కొన్ని అభిప్రాయాలున్నాయని, వాటిని తాను దాచుకోలేదని ఆయన ఒప్పుకొన్నారు. వాదనాదృష్టితో చూస్తే ఇది ప్రమాదకరమైన ఒప్పుకోలు. ఆంధ్ర కాంగ్రెసులో ప్రకాశం, పట్టాభి వర్గాల పోరు ముదిరిన కాలం అది. ఎవరు ఏ మాటన్నా ఏ వర్గం మాట అని లెక్కగట్టే వాతావరణం. ఆ వాతావరణంలో ‘నాకు అభిప్రాయాలు లేవు’ అనడం ఎవరైనా చేసే పని, అది ఎవరూ నమ్మని పని కూడా. వెంకటప్పయ్య తనకు స్వార్థం లేదన్నారే కాని, అభిప్రాయం లేదనలేదు. ఈ రెండింటి మధ్య తేడాను పాటించడంలోనే ఉత్తరం విశ్వసనీయత ఉంది.

దీన్ని ప్రకాశం ‘నా జీవిత యాత్ర’ పక్కన పెట్టి చూస్తే భేదం తేటపడుతుంది. ఇద్దరూ గాంధీయుగపు గుంటూరు మండలం నుంచి ఎదిగిన వకీళ్లు. 1946లో కాంగ్రెసు అధిష్ఠానం, గాంధీ రాజాజీ వైపు మొగ్గినా మద్రాసు శాసనసభ్యులు ప్రకాశాన్ని నాయకుడిగా ఎన్నుకొన్నారు. పదకొండు నెలలు తిరగకుండానే, 1947 మార్చిలో, సొంత పార్టీ సభ్యులే ఆయనను దించారు. ప్రకాశం గద్యంలో ‘నేను’ ఎప్పుడూ ముందు నడుస్తుంది. పోరాటం, కుట్ర, తెగువ, నష్టం అన్నీ ఆ ‘నేను’కు జరిగినవే. అది ఆ పుస్తకానికి బలం. తెలుగు ఆత్మకథల్లో అంత ధైర్యంగా, అంత నిర్లక్ష్యంగా తనను తాను పరుచుకొన్న రచనలు తక్కువ. అయితే ప్రత్యర్థుల ప్రలోభాల గురించి ఆ గద్యం మాట్లాడినప్పుడు పాఠకుడు ఒక పక్షం వాదన వింటున్నట్లే ఉంటుంది, వినడానికి ఎంత బాగున్నా సరే. వెంకటప్పయ్యలో ‘నేను’ విరిగిన కాలుతో ఆలస్యంగా, పక్కదారిన వస్తుంది. సాహిత్యగుణం ప్రకాశంలోనే ఎక్కువ. సాక్ష్యబలం ఉత్తరంలో ఎక్కువ.

పలుకుబడి అన్న మాట

ఇంగ్లీషు పాఠంలో ఉన్న మాటను తెలుగులోకి తేవలసి వస్తే, వెంటనే తోచేది ‘పలుకుబడి’. తెలుగులో ఈ అర్థచ్ఛాయలకు పదాలు తక్కువేమీ కావు. ‘ఆశ్రితపక్షపాతం’ పత్రికల మాట, తప్పు పోషకుడిది అని చెబుతుంది. ‘సిఫారసు’, ‘పైరవీ’ పారశీకం నుంచి కచేరీల మీదుగా వచ్చినవి, తప్పును మధ్యవర్తి మీద ఉంచుతాయి. ‘ప్రాపకం’లో పాత రాజాస్థానాల వాసన ఉంది, తప్పు అన్న భావమే దానిలో లేదు. కృతిభర్త ప్రాపకం కవికి గౌరవం. పలుకుబడి వీటన్నిటికంటే చిత్రమైనది. భాషలో ఒక మాట వాడుకలో ఎలా చెలామణి అవుతుందో అదీ పలుకుబడే, ఒక మనిషి మాట కచేరీలో ఎలా చెల్లుతుందో అదీ పలుకుబడే. అందువల్ల తెలుగులో ఆ మాటతో ఎవరినీ నిందించడం కుదరదు. ‘ఆయనకు పలుకుబడి ఉంది’ అనడం ప్రశంస. ఇంగ్లీషులో వెంకటప్పయ్య దాన్ని డబ్బుతో జతకట్టి, నేరంగా చూపగలిగారు. అదే వాక్యం తెలుగులో రాసి ఉంటే విశేషణం ఒకటి అదనంగా తగిలించవలసి వచ్చేది.

ఇంకో సంగతి. తెలుగుకు ‘మనం’, ‘మేము’ అన్న భేదం ఉంది, ఇంగ్లీషుకు లేదు. సిఫారసు భాష ‘మన’లో బతుకుతుంది. వినేవాణ్ని కూడా తనలో కలుపుకొనే సర్వనామం అది. మంత్రిని, మనిషిని, మధ్యవర్తిని ఒకే కుటుంబం చేస్తుంది. వెంకటప్పయ్య ఇంగ్లీషులో రాయడానికి కారణం గాంధీకి తెలుగు రాకపోవడమే, అంతకుమించి ఏమీ లేదు. అయినా ఫలితంగా ఉత్తరం ‘మన’ లేని భాషలో నడిచింది. ఆయనా కాంగ్రెసువాడే, ఆరోపణకు గురైనవారూ కాంగ్రెసువారే. వారిని దూరపు మూడో పురుషలో ఉంచడానికి ఆ భాష ఆయనకు సాయపడింది. దానికి మూల్యం కూడా ఉంది. ఈ ఉత్తరం ఆంధ్రుల నోట తెలుగు మాటగా నానలేదు. గాంధీ ఆంధ్ర ప్రజలను తూచి చూడమన్న మాటలు ఆంధ్ర ప్రజలకు అనువాదం ద్వారానే అందవలసి వచ్చింది.

దొరలపాలనే మేలన్న మాట

ఉత్తరం చివరి ఘట్టంలో ముఠాతగాదాలు, సభ్యుల ధనార్జన, మంత్రుల బలహీనత అన్న మూడింటినీ ఒకచోట చేర్చి, వీటివల్ల ప్రజల్లో తిరుగుబాటు మనస్తత్వం పుడుతున్నదన్నారు. బ్రిటిషు ప్రభుత్వమే నయమని జనం అంటున్నారని, కాంగ్రెసును శపిస్తున్నారని రాశారు. ఈ వాక్యాన్ని తరువాతివారు కొందరు వెంకటప్పయ్య అభిప్రాయంగానే ఎత్తుకొన్నారు. పాఠం దానికి అంగీకరించదు. అది జనం మాటగా వచ్చింది. తన జీవితంలో దశాబ్దాలను ఆ ప్రభుత్వానికి ఎదురుగా గడిపిన మనిషి దాన్ని రాయవలసి రావడంలోని బాధ, వ్యాఖ్యానం లేకపోవడం వల్లనే తెలుస్తుంది.

అయితే జనం మాట నిజమేనా? తెలుగు సాహిత్యమే దీనికి జవాబు చెప్పగలదు. వీరేశలింగం 1874లో మొదలుపెట్టిన వివేకవర్ధని రాజమహేంద్రవరంలోని ఉద్యోగుల, న్యాయస్థానాల లంచగొండితనాన్ని బయటపెట్టడంతోనే పేరు తెచ్చుకొన్నది. ఆయన ‘వ్యవహార ధర్మబోధిని’ కోర్టుల చుట్టూ అల్లుకొన్న వకీళ్ల, గుమాస్తాల మాయలను రంగం మీదికి ఎక్కించింది. ‘కన్యాశుల్కం’లో పోలీసు, వకీలు, దొంగసాక్ష్యం, వ్యాజ్యం ఎంతగా పెనవేసుకొన్నాయో పాఠకులకు తెలిసినదే. ఇవన్నీ దొరలపాలన నడిమధ్యన రాసినవి. కాబట్టి 1948లో కొత్తగా పుట్టినది లంచం కాదు. మారినది మధ్యవర్తి. వీరేశలింగం కాలంలో కచేరీకి, రైతుకు మధ్య నిలిచినవాడు గుమాస్తా. అతనికి ఎవరూ ఓటు వేయలేదు. 1948 నాటికి ఆ చోటులోకి వచ్చినవాడు రైతు ఓటువేసి పంపిన మనిషి. జనం కోపంలోని వేడికి కారణం ఈ మార్పులోనే ఉంది. గుమాస్తా మీద కసి ఉండవచ్చు కాని, అతని వల్ల మోసపోయామన్న భావం ఉండదు.

తరువాతి కల్పనాసాహిత్యం ఈ మధ్యవర్తిని వదిలిపెట్టలేదు. విశాఖపట్నం కోర్టుల్లో వకీలుగా పనిచేసిన రావిశాస్త్రి ‘ఆరు సారా కథలు’లో మద్యనిషేధచట్టం అమలయ్యే చోటును, అంటే పోలీసుస్టేషను, కోర్టు వరండా, సారా అమ్ముకొనే గుడిసెలను చూపించారు. వెంకటప్పయ్య ఒక్క వాక్యంలో చెప్పిన మెజిస్ట్రేటు కోర్టుల సంగతికి అక్కడ మనుషులు, యాస, వాసన వచ్చాయి. అయితే రావిశాస్త్రి కథల్లో నిజాయితీగల ఉద్యోగి దాదాపు కనిపించడు. కనిపించినా కథకుడికి అతని మీద ఆసక్తి లేదు. వెంకటప్పయ్యకు ఆసక్తి అంతా అతని మీదే. ఒకరు చట్టం కింద నలిగేవాడి వైపు నుంచి చూశారు, మరొకరు చట్టాన్ని నడపవలసినవాడి వైపు నుంచి. తెలుగు కథ మొదటి చూపును బాగా అభివృద్ధి చేసుకొన్నది. రెండోదాన్ని ఆదర్శపాత్రల చేతికి అప్పగించి చాలాసార్లు పలచన చేసింది.

ఉత్తరానికి అందనిది

వెంకటప్పయ్య చూపిన కారణం నైతికమైనది. స్వరాజ్యమన్న ఒకే తపన స్త్రీపురుషులను నడిపించినంతకాలం కట్టుబాట్లు నిలిచాయి, గమ్యం చేరగానే అవి పట్టు తప్పాయి, నిన్నటి ప్రత్యర్థులు సొంత ప్రయోజనాలకోసం కాంగ్రెసులో చేరారు, మంత్రులు బలహీనులు. ఇది ఆయన నిదానం. ఇందులో చివరి అంశాన్ని ఆనాటి మద్రాసు రాజకీయమే ప్రశ్నార్థకం చేసింది.

ఉత్తరం నాటికి మద్రాసు ప్రధాని ఓమందూరు రామస్వామి రెడ్డియార్. తిండివనం దగ్గరి ఓమందూరు రైతు, తెలుగు మూలాలున్న రెడ్డియార్ సమాజానికి చెందినవారు, 1947 మార్చి 23న ప్రకాశం తరువాత పదవికి వచ్చారు. దేవాలయ ప్రవేశం, దేవదాసీ నిషేధం, జమీందారీ రద్దు వంటి పెద్ద చట్టాలు ఆయన హయాంలోనివి. అంతకంటే, శాసనసభ్యులు తెచ్చే సిఫారసులను పట్టించుకోని మొండిమనిషిగా ఆయనకు పేరు. అంటే ఏ వ్యాధిని గురించి గుంటూరు నుంచి ఉత్తరం వెళ్లిందో, దానికి ఎదురు నిలిచిన మనిషే ఆ ప్రభుత్వానికి అధిపతి. ఉత్తరంలో ఆయన ప్రస్తావన లేదు. మంత్రులు బలహీనులన్న మాట అందరినీ కలిపేసింది.

ఇది వెంకటప్పయ్య దృష్టిలోని పొరపాటా? కొంతవరకు అవును. మద్రాసులో ప్రధాని గట్టిగా ఉన్నా, గుంటూరులో కలెక్టరుకు సభ్యుడి మాట చేరుతూనే ఉంది. ఈ వైరుధ్యాన్ని వివరించడానికి నైతికభాష చాలదు. మంత్రివర్గం బతుకు సభ్యుల చేతుల్లో ఉంది. సభ్యుడి బతుకు తన వర్గం చేతుల్లో ఉంది. వర్గం కోరేది కలెక్టరు కచేరీలో, మెజిస్ట్రేటు కోర్టులో ఒక మాట. ఈ గొలుసులో బలహీనుడైన మంత్రి లొంగి నిలుస్తాడు, బలవంతుడు లొంగక పడిపోతాడు. ఉత్తరం నాటికే ప్రకాశం పతనం ఈ గొలుసు శక్తిని ఒకసారి చూపించింది, కారణాలు వేరైనా. సభ్యులు తలచుకొంటే ఎవరినైనా దించగలరన్న సంగతి గుంటూరులో తెలియనిది కాదు. వెంకటప్పయ్య దాన్ని వ్యవస్థగా చూడక, మనుషుల దిగజారుడుగానే చదివారు. గాంధీ తరంవారికి అది సహజమైన చదువు. ఆ చదువులోంచే ఉత్తరానికి దాని ఆవేదన వచ్చింది. దాని అసంపూర్ణత కూడా అక్కడి నుంచే వచ్చింది.

ఉత్తరం బయటపడిన పదిహేను నెలలకు, 1949 ఏప్రిల్ 6న, సొంత సభ్యుల మద్దతు కోల్పోయి ఓమందూరు పదవి నుంచి తప్పుకొన్నారు. రాజపాళయం కుమారస్వామి రాజా ఆయన స్థానంలోకి వచ్చారు. ఓమందూరు తరువాతి జీవితం చాలావరకు వడలూరులో, వళ్లలార్ పేరిట నడిచే సంస్థల సేవలో గడిచింది. తనను దించినవారి గురించి ప్రకాశంలాగా పుస్తకం రాయలేదు. గుంటూరులో వెంకటప్పయ్య అదే ఏడాది ఆగస్టు 15న కన్నుమూశారు. ఆయన స్వీయచరిత్రను పరిశోధకులు ఇప్పటికీ ఎక్కువగా ఉద్యమచరిత్ర కోసమే తిరగేస్తారు. విరిగిన కాలుతో ఇంట్లో కూర్చుని రాసిన ఉత్తరం ఆ సంపుటాలకు బయట, గాంధీ రచనల్లో, 1948 జనవరి 12 తేదీ కింద, దీక్ష ప్రకటన ముగిసిన తరువాత ఉంది.